నవ్వుల వేషం వెనుక

సర్కస్‌లో ముఖానికి తెల్లరంగు, బుగ్గలకు ఎర్రరంగు పూసుకున్న బఫూన్‌ని చూసి మన పిల్లలు పకపకా నవ్వుతారు కదా! ఆ వేషానికి దారి చూపినవాడు జోసెఫ్ గ్రిమాల్డీ అనే గాయకుడు, నటుడు.

1778లో లండన్‌లో పుట్టాడు. తండ్రి ఇటలీ జాతీయుడు, నాట్యాచార్యుడు. 1788లో ఆయన పోయేసరికి మనవాడికి తొమ్మిదేళ్ళు. ఆ పసివయసులోనే సంసార భారం మీద పడింది. 1800లో భార్య మరియా కాన్పు కష్టమై చనిపోయింది. ఏడుపు దిగమింగుకుని మళ్ళీ రంగమెక్కాడు.

1806లో 'మదర్ గూస్' నాటకంతో అతని పేరు మారుమ్రోగింది. 1819లో పాడిన ఒక పాట మరీ ప్రసిద్ధి. కాల్చిన ఆపిల్‌పళ్ళు అమ్ముకునే ముసలమ్మ చలికి ఓర్వలేక ఏదో తాగబోతుంది. అక్కడ పాట ఆపేసేవాడు. జనమంతా "జిన్!" అని అరిచేవారు. "అయ్యో, సిగ్గులేదూ!" అన్నట్టు చూసేవాడు. హాలంతా నవ్వులే!

ఆ గెంతులు, పడటాలు కీళ్ళను తినేశాయి. 1828లో, యాభై అయినా నిండకముందే, నిలబడలేక కుర్చీలో కూర్చుని నటించి ప్రేక్షకుల దగ్గర సెలవు తీసుకున్నాడు. 1832లో కొడుకు పోయాడు. 1837లో తానూ కన్నుమూశాడు. మరుసటి ఏడు అతని జీవితకథను చార్లెస్ డికెన్స్ సరిదిద్ది అచ్చువేయించాడు. నేటికీ ఏటా లండన్ చర్చిలో బఫూన్లంతా వేషాలతోనే వచ్చి అతన్ని తలుచుకుంటారు.

మనిళ్ళలోనూ అందర్నీ నవ్విస్తూ తిరిగేవాళ్ళుంటారు. "నీకెలా ఉందమ్మా?" అని వాళ్ళనీ అప్పుడప్పుడు అడుగుదాం.