అక్షాల కంటే పాతది ఖండన బిందువు

సరళరేఖ అక్షాన్ని ఎక్కడ ఖండిస్తుందో కనుక్కోవడం బడిలో గ్రాఫు కాగితంతోనే నేర్పుతారు. అందువల్ల ఆ లెక్క గ్రాఫుతోపాటే పుట్టిందనుకుంటాం. చరిత్ర చెప్పేది వేరు. అక్షాల గ్రాఫుకు పునాది వేసిన ‘జ్యామితి’ని రెనే దెకార్త్ 1637లో ప్రచురించాడు. ఆ బిందువును పట్టే పద్ధతి అంతకు కనీసం పదిహేను వందల ఏళ్ల ముందే చైనాలో లెక్కలు చేసేవారికి తెలుసు. ‘తొమ్మిది అధ్యాయాలు’ అనే గ్రంథం ఏడో అధ్యాయం అందుకు సాక్ష్యం.

అందులో కొందరు కలిసి ఒక వస్తువు కొంటారు. తలా 8 నాణేలు వేసుకుంటే 3 మిగులుతాయి, తలా 7 వేసుకుంటే 4 తక్కువ పడతాయి. మనుషులెందరు, ధరెంత? గ్రంథం చెప్పే సూత్రం ప్రకారం వాటాలను, హెచ్చుతగ్గులను అడ్డంగా గుణించి కూడాలి: 8×4, 7×3 కలిపితే 53. హెచ్చును, తగ్గును కూడితే 7. వాటాల తేడా 1 కాబట్టి ధర 53, మనుషులు ఏడుగురు. వాటాను x, మిగులును y అనుకుంటే ఇదే మన భాషలో y = 7x − 53 అనే రేఖ. వాలు మనుషుల సంఖ్య. ఎవరూ ఏమీ వేయకపోతే పడే లోటు, అంటే y అక్షం మీది అంతరఖండం, పూర్తి ధర. హెచ్చూ తగ్గూ లేకుండా సరిపోయే వాటా 53/7, అది x అక్షాన్ని ఖండించే చోటు.

నేటి బొమ్మను పాత గ్రంథం మీద రుద్దుతున్నామని ఎవరైనా అనవచ్చు. అక్కడ రేఖ లేదు, అక్షం లేదు, నిజమే. కానీ వాటా ఒకటి పెరిగినప్పుడల్లా మిగులు ఒకే మోతాదులో పెరుగుతుందనే నమ్మకం లేకపోతే ఆ సూత్రం నిలవదు. రేఖ సరళంగా ఉండటమంటే అదే. పైగా 9వ శతాబ్దిలో ఖుస్తా ఇబ్న్ లూఖా ఇలా రెండు ఊహలతో (ఇక్కడ 8, 7) జవాబు పట్టే పద్ధతిని అరబ్బీలో జ్యామితితో నిరూపించాడు. ఈజిప్టు రైండ్ పపైరస్‌లోనూ, భాస్కరాచార్యుడు 1150లో రాసిన ‘లీలావతి’లోని ఇష్టకర్మ అనే పద్ధతిలోనూ ఊహ ఒక్కటే చాలు. కారణం, ఆ లెక్కల్లో రేఖ మూలబిందువు గుండా పోతుంది. అలా పోని రేఖకు రెండు బిందువులు కావాలి. రెండో ఊహ అవసరమైంది అందుకే.

మరి దెకార్త్, ఆ కాలపు మరో గణితజ్ఞుడు ఫెర్మా కొత్తగా ఇచ్చిందేమీ లేదా? ఉంది, అది చిన్నదీ కాదు. సమీకరణానికి ఆకారం ఉంటుందని వాళ్లు చూపారు. దానితో ఈ పద్ధతి సరళరేఖకు కచ్చితంగా ఎందుకు పనిచేస్తుందో, వక్రరేఖకు ఉజ్జాయింపు జవాబు మాత్రమే ఎందుకు ఇస్తుందో ఒక్క చూపులో తెలిసింది. పద్ధతి సంతలో, పద్దుల్లో పుట్టింది. దాని హద్దును గ్రాఫు చూపింది. అందుకే y స్థానంలో సున్న పెట్టమని పిల్లలకు చెప్పే ముందు, ఆ సున్న హెచ్చుతగ్గులు సరిపోయిన చోటని చెప్పాలి. అప్పుడు ఆ నియమాన్ని వాళ్లు బట్టీ పట్టనక్కర్లేదు.