కళాపూర్ణోదయమున శబ్దము, స్మృతి

పింగళి సూరన రచించిన కళాపూర్ణోదయమును గూర్చి మన విమర్శకులు వ్రాసినది కొలదికాదు. 1914లో వెలువడిన 'కవిత్వతత్త్వ విచారము'న కట్టమంచి రామలింగారెడ్డిగారు ఈ కావ్యమందలి కథాసంవిధానమును కొనియాడిన పిమ్మట, సూరన యనగా కథ నల్లుటలో నేర్పరి యనుమాట స్థిరపడినది. ఆ ప్రశంస న్యాయమే. కాని దానివలన ఒక నష్టమును కలిగినదని మేము తలంచుచున్నాము. అందరి చూపును అల్లికపైననే నిలిచినది. అల్లిన దారమెట్టిదో పరికించినవారు అరుదు. ఆ దారము శబ్దమని మా యభిప్రాయము.

పదునాఱవ శతాబ్దమున వెలసి, నంద్యాల కృష్ణమరాజునకు అంకితమైన ఈ యెనిమిది యాశ్వాసముల కావ్యమున నారద తుంబురుల స్పర్ధవంటి పురాణప్రసిద్ధాంశములు కొన్ని లేకపోలేదు. తక్కినదెల్ల ఇంచుమించు కవికల్పితమే. కల్పితలోకమునకును కొన్ని ధర్మములుండవలెను గదా! సూరన తన లోకమునకు ఏర్పఱచిన ధర్మము విచిత్రమైనది. అచట పలుకు ముందు పుట్టును. వస్తువు వెనుక పుట్టును. బ్రహ్మ సరస్వతితో ఏకాంతమున కళాపూర్ణుని కథను చెప్పునాటికి కళాపూర్ణుడు పుట్టనేలేదు. అంతకంటె వింత మఱియొకటి కలదు. ఆ కథ తమ యిరువురి ప్రణయవిలాసమునకే మాఱురూపమని సరస్వతి గ్రహించును. వినిన దేవికి అది జరిగిపోయినది; భూలోకమునకు అదియే జరుగబోవునది. ఒకే వాక్కు ఒకవైపున స్మృతి, ఒకవైపున భవిష్యత్తు.

ఇక చిలుక మాట. భూలోకమున వెల్లడి కాకూడని ఆ కథ సరస్వతి పెంపుడు చిలుక చెవిని పడినది. ఆ చిలుకయే శాపవశమున ద్వారకలో కలభాషిణి యను వేశ్యగా పుట్టినది. ఆమెయే మరల మధురలాలసయై జన్మించి కళాపూర్ణుని చేపట్టినది. ప్రబంధములలో చిలుకలు పండితులను మించి మాటలాడుననుట నిజమే. కాని లోకమున 'చిలుకపలుకులు' అనగా అర్థమెఱుగని పలుకులే. అమరసింహుడు 'కల' యను శబ్దమునకు మధురమును అస్ఫుటమునైన ధ్వని యని యర్థము చెప్పినాడు. కావున కలభాషిణి యనగా ఇంపుగా, అవ్యక్తముగా పలుకునది. మూడవ జన్మమున నేమైనది? ఇంకను మాటలాడు ప్రాయము రాని శిశువు, కళాపూర్ణుని మణిహారము రొమ్మునకు సోకినంతనే పూర్వజన్మముల వృత్తాంతమును సభలో విస్పష్టముగా చెప్పసాగినది. వినికిడి మాత్రమైన శబ్దము, అస్ఫుటమధురమైన శబ్దము, తన్ను తానెఱిగిన శబ్దము: ఒక ప్రాణి మూడు జన్మములలో దాటిన దూరమిది. నామకరణమందు ఇంత జాగరూకత గల కవి దీనిని యాదృచ్ఛికముగా పెట్టెనని మేము నమ్మజాలము.

ఇచట ఒక యాక్షేపము వచ్చును. స్మృతిని కలిగించినది మణిస్పర్శము గాని శబ్దము కాదు గదా యని. సరియే. మణి తలుపు తెఱచినది. తెఱచిన గదిలో నున్న దేమి? ఏనాడో విన్న కథ. కంటితో చూచినది కాదు, చేసిన పుణ్యపాపముల పట్టికయు కాదు. తక్కిన పురాణకథలలో జన్మాంతరమునకు కర్మమే ప్రధానసూత్రము. ఇచట వినికిడియే కర్మమైనది. నారదుని సంగీతాభ్యాసకాలమున ఆయనను ఆశ్రయించియున్న కలభాషిణియు, మణికంధరుడును మఱుజన్మమున దంపతులగుటయు ఇందులకు పోషకమే.

సంస్కృతశాబ్దికుల స్ఫోటవాదము ఈ సందర్భమున స్మరణకు రాక మానదు. వాక్యపదీయకారుడైన భర్తృహరి మతమున వర్ణధ్వనులు ఒకదాని వెనుక నొకటి పుట్టి నశించును. నశించుచు బుద్ధియందు సంస్కారమును విడుచును. కడపటి ధ్వని వినబడినపుడు, ఆ సంస్కారముల తోడ్పాటుతో అఖండమైన శబ్దము ఒక్కసారిగా స్ఫురించును. కళాపూర్ణోదయమును చదువువాని యవస్థ అచ్చముగా ఇదియే. రంభానలకూబరుల సంభాషణ, మణికంధరుని తీర్థయాత్ర, సుగాత్రీశాలీనుల కథ తునుకలుగా వచ్చి పోవును. శిశువు నోరు విప్పిన పిమ్మట గాని అవి యేకముగా తోపవు. సూరన వాక్యపదీయమును చదివి యీ నిర్మాణము చేసెనని చెప్పుటకు మేము సాహసింపము. శబ్దమునకును అర్థమునకును గల సంబంధము ఆయనను జీవితమంతయు వేధించిన ప్రశ్న యని మాత్రము చెప్పగలము. రాఘవపాండవీయమున ఒకే వర్ణపంక్తి వినువాని బుద్ధిననుసరించి రామకథయగును, భారతకథయగును. కళాపూర్ణోదయమునందే ముందునుండి చదివిన తెలుగును, వెనుకనుండి చదివిన సంస్కృతమును అగు పద్యము కలదు. వీనిని కసరత్తులని త్రోసివేసినవారు గలరు. ద్వ్యర్థికావ్యమున కొంత కసరత్తు ఉన్నదని మేమును ఒప్పుకొందుము. అయినను అచట శ్లేషగా నున్న ప్రశ్నయే ఇచట కథయైనదని గుర్తింపకున్నచో, ఆ రెండు కావ్యములను ఒకే చేయి వ్రాసెనని నమ్ముట కష్టము.

2002లో వెల్చేరు నారాయణరావు, డేవిడ్ షుల్మన్ గార్లు ఈ కావ్యమును ఆంగ్లీకరించినపుడు 'ముద్దు చప్పుడు' అను నర్థము వచ్చునట్లు దానికి పేరు పెట్టిరి. చెప్పరాని కథ యని మఱియొక పేరును తగిలించిరి. ధ్వనివైపు చూపు మరల్చిన ఆ పేరు మాకు నచ్చినది. రెండవ పేరు ఇంకను నచ్చినది. భూమిపై వెల్లడి కారాదని విధింపబడిన కథను శిశువు సభలో చెప్పినది. సూరన ఎనిమిది యాశ్వాసములుగా చెప్పినాడు. మేమును ఈ పుటలలో చెప్పియే యున్నాము.