ఊరి పేరు లేని ఉత్తరం

నాగల్‌గిద్దలో మా మేనత్త వాళ్ళింటి అరుగు మీద ఉత్తరాలు చదివించుకోవడానికి ఎవరో ఒకరు వచ్చేవారు. 1987లో నాకు ఏడేళ్ళు. వెనకింటి అవ్వ కొడుకు సికింద్రాబాదు కంటోన్మెంటులో సిపాయి. ఆ దసరా వెళ్ళాక వచ్చిన ఉత్తరంలో ఊరి పేరు లేదు. ఎ.పి.ఓ. నంబరు మాత్రం ఉంది.

“యాడున్నడో రాయలేదా బిడ్డా?”

“మంచిగున్నడట, ఫికర్ జెయ్యకు అవ్వా” అంది అత్తయ్య.

అతనెక్కడున్నాడో రోజూ రేడియో చెబుతూనే ఉంది. జులై 29న కొలంబోలో రాజీవ్ గాంధీ, జయవర్ధనె ఒప్పందం మీద సంతకాలు చేశారు. ఆ వెంటనే సికింద్రాబాదు స్థావరంగా ఉన్న 54వ పదాతి డివిజన్ జవాన్లు జాఫ్నా దగ్గర పలాలీలో విమానాలు దిగారు. భారత శాంతి పరిరక్షక దళం! (పేరు పెట్టేవాళ్ళు దాన్ని మోసేవాళ్ళని అడిగి పెడతారా ఏమిటి?) అక్కడి తమిళులు పూలదండలతో ఎదురొచ్చారు. ఆగస్టు 5న టైగర్లు కొన్ని ఆయుధాలు అప్పగించారు కూడా. నాలుగు రోజుల్లో ఇంటికి పోవచ్చునని ఎంతమంది జవాన్లు అనుకున్నారో!

అక్టోబరు 10న ఆ దండలు వేసిన ఊళ్ళోనే యుద్ధం మొదలైంది. శత్రువుకి యూనిఫారం లేదు, లుంగీ కట్టుకున్న ప్రతివాడూ ఒకలాగే కనిపిస్తాడు. రోడ్డు కింద మందుపాతర ఉండొచ్చు. తాటిచెట్టు మీద తుపాకీ ఉండొచ్చు. మనవైపు తాటిచెట్టంటే కల్లూ, ముంజలూ కదా! అక్కడ దాన్ని చూసి మనిషి నేలకి కరుచుకోవాలి. జాఫ్నా యూనివర్సిటీ ఆవరణలో హెలికాప్టర్లనుంచి దిగిన సిక్కు లైట్ ఇన్‌ఫాంట్రీ జవాన్లు 30 మందిలో ప్రాణాలతో మిగిలింది ఒక్కడే.

దాదాపు రెండున్నరేళ్ళు గడిచాయి. 1,100 మందికి పైగా తిరిగి రాలేదు. 1990 మార్చిలో చివరి దళాలు ఓడల్లో మద్రాసు చేరినప్పుడు ముఖ్యమంత్రి కరుణానిధి స్వాగతానికి వెళ్ళలేదు. తమిళులని చంపి వచ్చిన సైన్యమని ఆయన కోపం. ఆ కోపానికీ కారణాలున్నాయి, అక్కడ చనిపోయిన మామూలు జనానికీ తల్లులుంటారు. కానీ పంపింది ఢిల్లీ, మొహం తిప్పించుకున్నది సిపాయి. చాలా ఏళ్ళ తర్వాత కొలంబో దగ్గర శ్రీలంక ప్రభుత్వమే వాళ్ళ పేర్లు రాతిమీద చెక్కించింది.

అవ్వ కొడుకు తిరిగొచ్చాడు. సెలవులో ఉన్నన్నాళ్ళూ పొలానికి తాళ్ళ బాట వదిలేసి చుట్టు తిరిగి వెళ్ళేవాడు.

“ఆడ ఏం జూసినవ్ రా?” అని అడిగేది అవ్వ.

“ఏం లేదే, అన్నం బెట్టు” అనేవాడు.