ఇరవై కిలోల గీత: గంజాయి కేసుల్లో జామీను

కడప, కర్నూలు మద్రాసు ప్రెసిడెన్సీలో ఉన్న కాలంలో గంజాయి పన్ను కట్టి, లైసెన్సుతో అమ్ముకునే సరుకు. 1886 నాటి అబ్కారీ చట్టం దాన్ని సారాయి సరసన కూర్చోబెట్టింది. రాజాజీ ప్రభుత్వం 1937లో సేలంలో మొదలుపెట్టిన నిషేధాన్ని మరుసటి ఏడు కడప, చిత్తూరు జిల్లాలకు తెచ్చింది. ఆ చట్టం మద్యంతో పాటు మత్తుమందులకూ వర్తించింది.

జామీను విషయంలో దేశమంతా ఇప్పటికీ ఉదహరించే తీర్పు ఒకటి ఆంధ్రప్రదేశ్ హైకోర్టు నుంచి సుప్రీంకోర్టుకు వెళ్లిన కేసులో వచ్చింది. అది 1977 నాటి గుడికంటి నరసింహులు కేసు. జామీను జడ్జి ఇష్టాయిష్టాల మీద కాదు, సూత్రం మీద నడవాలని జస్టిస్ కృష్ణయ్యర్ అందులో చెప్పారు. మరుసటి ఏడాది మోతీరాం అనే మేస్త్రీ కేసులో ఆయనే ఇంకో ప్రశ్న వేశారు. ఒక తెలుగువాడు బస్తర్‌లో పట్టుబడితే అక్కడి జామీనుదార్లను ఎక్కణ్ణుంచి తెస్తాడు? నేడు కర్నూలు హైవే మీద దొరికిన ఒడిశా కుర్రాడికి ఆ ప్రశ్న అలాగే మిగిలి ఉంది.

1985 నవంబరు 14న అమల్లోకి వచ్చిన మాదకద్రవ్యాల చట్టానికి 1989లో సవరణ చేసి 37వ సెక్షన్‌లో జామీను షరతులను బిగించారు. అప్పట్లో అది అయిదేళ్లు, ఆపైన శిక్ష పడే నేరాలకు. ప్రభుత్వ న్యాయవాది (పీపీ) అభ్యంతరం వినాలి. నిందితుడు తప్పు చేయలేదని నమ్మడానికి, బయటికొచ్చి మళ్లీ నేరం చేయడనడానికి తగిన ఆధారం ఉందని కోర్టు తృప్తి పడాలి. సాక్షులు బోను ఎక్కకముందే నిర్దోషి అనిపించుకొమ్మనడం నాకు న్యాయమనిపించదు. ఈ షరతులు హైకోర్టుకూ వర్తిస్తాయని 1991లో కిషన్‌లాల్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది.

2001 సవరణతో తూకం ముందుకొచ్చింది. గంజాయి కిలో వరకు చిన్న మొత్తం, శిక్ష ఇప్పుడు ఏడాది వరకు. ఇరవై కిలోలు దాటితే వాణిజ్య మొత్తం, పదేళ్ల నుంచి ఇరవై ఏళ్లు. తూకాన్ని బట్టి 37వ సెక్షన్ వర్తించేది ఈ చివరి వర్గానికే. అందుకే వకీలు మొదట చూసేది మధ్యవర్తుల సమక్షంలో రాసిన పంచనామా. పూత, కాయ ఉన్న కొసలే గంజాయి అని చట్టం నిర్వచించింది. కొసలు లేకుండా వట్టి ఆకు, గింజ ఉంటే లెక్కలోకి రావు. ఇరవై రెండు కిలోల మూటలో కాడలెన్ని, ఆకెంత, గోనెసంచి బరువెంత అన్నదాని మీద ఒక మనిషి ఎన్నాళ్లు జైల్లో ఉండాలో తేలుతుంది. మూట మోసినవాడికి, డ్రైవరుకు, సరుకు పంపిన ఆసామికి ఒకటే తూకం. దొరికేది మాత్రం ఎక్కువగా మొదటి ఇద్దరే.

జామీను ఉత్తర్వు వచ్చినా ష్యూరిటీ దగ్గర ఆగిపోయేవాళ్లున్నారు. ఈ మెట్ట సీమలో చాలామంది చేతిలో ఉన్నది ప్రభుత్వం పంచిన భూమికిచ్చే డీకేటీ పట్టా. అమ్మకంపై ఆంక్షలున్న ఆ భూమిని పూచీగా చూపడం కష్టం. సొంత పట్టా ఉన్నవాడు గంజాయి కేసనగానే పాస్‌బుక్ ఇవ్వడానికి వెనకాడతాడు.

37వ సెక్షన్ అనే గోడకు పడ్డ గండ్లు కాలం వల్ల పడ్డవే. వాణిజ్య మొత్తం కేసులో 180 రోజుల్లో చార్జిషీటు రాకపోతే జామీను హక్కవుతుంది. పీపీ నివేదిక ఇచ్చి అడిగితే గడువును ఏడాది దాకా పొడిగించవచ్చు. విచారణ తేలక మగ్గుతున్నవారికి, పడగల శిక్షలో సగం గడిస్తే జామీను ఇమ్మని 1994లో సుప్రీంకోర్టు ఒక్కసారికి ఆదేశించింది. 2023లో మహమ్మద్ ముస్లిం కేసులో, ఏడేళ్లకు పైగా లోపలున్నవాడిని విడుదల చేస్తూ, విచారణ జాప్యం 37వ సెక్షన్‌ను సడలిస్తుందని చెప్పింది. అదే ఏడు ఒడిశాలో 247 కిలోల కేసులో మూడున్నరేళ్లు దాటిన నిందితుడికీ జామీను దొరికింది. 2024 డిసెంబరులో కాషిఫ్ కేసులో గాలి మళ్లీ కఠినత్వం వైపు తిరిగింది. నమూనాలు తీయడంలో 52ఎ సెక్షన్ పాటించకపోవడం ఒక్కటే జామీనుకు చాలదన్నారు.

జామీను పిటిషన్‌ను జిల్లా కోర్టు కొట్టేస్తే హైకోర్టే దిక్కు. కర్నూలు నుంచి అమరావతి మూడు వందల కిలోమీటర్లకు పైనే. రాజధాని, హైకోర్టు ఒకటి కోస్తాకు, ఒకటి సీమకు అని 1937లో ఆ రెండు ప్రాంతాల నేతల శ్రీబాగ్ ఒడంబడిక చెప్పింది. కర్నూలులో హైకోర్టు బెంచి పెట్టాలని శాసనసభ 2024 నవంబరులో తీర్మానించింది. అది ఏర్పడితే, కూలి మానుకుని వకీలు కోసం రాత్రి బస్సెక్కే తల్లికి ఆ ప్రయాణం తప్పుతుంది.