బోధన్ ప్యాసింజరు: చక్కెర వేసిన దారి

ఇందూరు అనగానే సాహిత్య విద్యార్థికి ముందు జైలు గుర్తుకొస్తుంది. కోటలోని ఆ జైలుగోడ మీద దాశరథి బొగ్గుతో పద్యాలు రాయడం, వట్టికోట ఆళ్వారుస్వామి అక్కడే తోటి ఖైదీగా ఉండడం మనం పదేపదే చెప్పుకునే విషయాలు. ఆ ఊరి రైలు సంగతి మాత్రం మనవాళ్లు పట్టించుకోలేదు. జానకంపేట వద్ద ప్రధానమార్గం నుంచి విడిపోయి బోధన్ చేరే కొమ్మలైను మీద దశాబ్దాల పాటు నడిచి, ఆగిపోయిన మీటరుగేజి ప్యాసింజరుకూ ఒక చరిత్ర ఉంది. ఆ దారి ఎవరి కోసం వేశారు, ఆ బండి ఎవరెక్కారు అన్నవి వేర్వేరు ప్రశ్నలు.

హైదరాబాదు రాజ్యంలో రైలు వడ్డీ వ్యాపారమే. పెట్టుబడి లండన్‌ది, దాని వడ్డీకి హామీ నిజాం ఖజానాది. చందా రైల్వే పథకం షరతులు ప్రజలకు తెలియాలని ఆందోళన చేసినందుకు 1883లో అఘోరనాథ చటోపాధ్యాయను రాజ్యం నుంచి వెళ్లగొట్టారు. ఆయన సరోజినీ నాయుడు తండ్రి. 1899-1901 మధ్య గోదావరిలోయ మార్గం మన్మాడ్ దాకా మీటరుగేజిలో పడింది. ఇందూరు 1905లో నిజామాబాదు అయింది. 1930లో రైల్వే నిజాం ప్రభుత్వం చేతికి వచ్చింది.

బోధన్ లైను పుట్టుకకు కారణం నీరు. మంజీర మీద 1923లో మొదలై 1931లో పూర్తయిన నిజాంసాగర్ కింద 2,75,000 ఎకరాల ఆయకట్టు తలపెట్టారు. కాలువ నీటి వెంట కోస్తా జిల్లాల రైతులు వచ్చి స్థిరపడ్డారు. ఈనాటికీ ఆ ప్రాంతపు ఊళ్ల పేర్ల చివర ‘క్యాంపు’ అన్న మాట వినిపిస్తుంది. నీరు చెరకును తెచ్చింది, చెరకు 1937లో నిజాం షుగర్ ఫ్యాక్టరీని తెచ్చింది. దాని చుట్టూ శక్కర్‌నగర్ వెలిసింది. ఫ్యాక్టరీకి యంత్రాలు, బొగ్గు రావాలి. చక్కెర బస్తాలు పోవాలి. రైలు అవసరం ఇదీ. ప్యాసింజరు పెట్టెలు ఆ గూడ్సు లెక్కకు తోకగా వచ్చినవే.

అయినా ఆ తోకను జనం తమ సొంతం చేసుకున్నారు. ఒకే పెట్టెలో తెలుగు, ఉర్దూ, మరాఠీ వినిపించేవి. జిల్లా కోర్టు వాయిదాకు పోయే రైతూ, కాలేజీ కుర్రాడూ, కూరగాయల గంపతో ఎక్కే మనిషీ పక్కపక్కనే కూర్చునేవారు. 1974లో మూడో తరగతి అన్న పేరు పోయింది గాని చెక్కబల్లలు వెంటనే మారలేదు. చెరకు మాత్రం ఎక్కువగా ఎడ్లబండ్ల మీదే ఫ్యాక్టరీకి చేరేది. నరికిన గడ నిలవ ఉంటే తీపి తగ్గుతుంది కనుక క్రషింగ్ రోజుల్లో బండివాడికి రాత్రీ పగలూ లేదు. చరిత్ర గ్రంథాల్లో ఆనకట్ట కట్టిన ఇంజనీరు అలీ నవాజ్ జంగ్ పేరుంటుంది, ఉండాలి కూడా. ఈ బండివాడికి అక్కడ ఒక పంక్తి కూడా దక్కదు. రైలును ప్రగతి రథమని పొగిడే మన వ్యాసకర్తలు సైతం ఇతని దగ్గర ఆగరు.

గేజి సంగతి కొంత వివరంగా చెప్పాలి. మీటరుగేజి పట్టాల మధ్య దూరం 1,000 మిల్లీమీటర్లు, బ్రాడ్‌గేజికి 1,676. సరుకు ఒక గేజి నుంచి మరో గేజికి మారే చోటల్లా ప్రతి బస్తా హమాలీ వీపు మీదుగా ఒక వ్యాగన్ నుంచి మరొక వ్యాగన్‌లోకి పోవాలి. రెండు కొలతలకు మధ్య ఉన్న తేడా ఖరీదును మోసింది మనిషి వెన్నెముక. లారీకి ఈ బాధ లేదు. ఫ్యాక్టరీ గేటు నుంచి తిన్నగా కొట్టు గుమ్మానికి పోతుంది. గూడ్సు బలం తగ్గిన కొమ్మలైను మీద ప్యాసింజరును నడపడం అధికారుల లెక్కలో దండగ అవుతుంది. ఆ లెక్కకు టిక్కెట్టు ఆదాయం కనిపిస్తుంది. బస్సు ఛార్జీ పెట్టుకోలేక ప్రయాణమే మానుకున్న మనిషి కనిపించడు.

2000 తర్వాతి తొలి సంవత్సరాల్లో గేజి మార్పిడి జరిగి పాత చిన్నబండి చరిత్రలో కలిసింది. బ్రాడ్‌గేజి వచ్చింది, అది మంచిదే. కానీ అదే కాలంలో, 2002లో, చక్కెర ఫ్యాక్టరీలో మెజారిటీ వాటా ప్రైవేటుకు పోయింది. 2015 డిసెంబరులో ఫ్యాక్టరీ మూతపడింది. కార్మికులు వీధిన పడ్డారు, చాలా చెరకు పొలాలు వరికి మళ్లాయి. 2020 మార్చిలో కరోనా కారణంగా దేశమంతటా ప్యాసింజరు బళ్లు ఆగినప్పుడు బోధన్ బండీ ఆగింది.

పెద్దపల్లి-నిజామాబాదు మార్గానికి 1993లో శంకుస్థాపన జరిగితే, అది పూర్తయింది 2017లో. ఆ మార్గం మీది కరీంనగర్-నిజామాబాదు బండిని 2023 అక్టోబరు 9న బోధన్ దాకా పొడిగించారు. చక్కెర కోసం వేసిన పట్టాల మీదికి ఆ రోజు వచ్చింది మనుషుల బండి ఒక్కటే. అప్పటికి ఫ్యాక్టరీ మూతపడి దాదాపు ఎనిమిదేళ్లు.