సాక్షులు మూగవోకముందే

మర్పల్లిలో రైలెక్కినచో బీదరు దూరము కాదు. అయినను 1948 నాటి బీదరు కథ మన బాలురకు మిక్కిలి దూరముగ నున్నది. ఆ యేడు ఆగస్టు 27న రజాకార్లు బైరాన్‌పల్లిలో జనులను చంపిరని మేము పాఠశాలలో చెప్పుదుము, చెప్పవలసినదే. కాని సెప్టెంబరులో భారతసేన సంస్థానమున ప్రవేశించిన పిమ్మట బీదరు, గుల్బర్గా, ఉస్మానాబాదు, నాందేడు జిల్లాలలో నిరపరాధులగు ముస్లిములు వేలకొలది హతులైరని చెప్పుటకు మా నాలుక తడబడును. పండిత సుందరలాలు సంఘము సంస్థానమున మృతులు 27,000 మొదలు 40,000 వఱకు నుందురని అంచనా వేసెను. ప్రభుత్వము నాడు ఆ నివేదికను ప్రకటింపలేదు.

యూదుల సంహారముపై క్లాడ్ లాంజ్‌మన్ 1985లో వెలువరించిన ‘షోవా’ తొమ్మిది గంటలకు మించిన చిత్రము. అందు నాటి దృశ్యమొక్కటియు లేదు. బ్రతికినవారు, చూచినవారు, చేసినవారు చెప్పిన మాటలే కలవు. ఛాయాచిత్రములు లేని మన పల్లెలకును అదియే మార్గము.

అయితే నాటి పదేండ్ల బాలుడు నేడు తొంబదికి చేరువైన వృద్ధుడు. ఎవరు చచ్చిరని మాత్రమే అడుగు చిత్రము పగను పెంచును. ఎవరు చంపిరి, ఎవరు చూచి యూరకుండిరి, ఎవరు దాచి కాపాడిరి అనియు అడుగునదే న్యాయమునకు తోడగును. మనవారు చేసిన తప్పును మన నోట మనమే చెప్పుకొనుట అందు తొలిపాఠము.