ఏడు వంతెనలును ఒక గైడు పుస్తకమును

కావ్యపాఠమున మా గురువుగారు ముందుగా శ్లోకమునకు మాచేతనే అన్వయము చెప్పించి, మా తప్పులన్నియు బయటపడిన పిమ్మటనే మల్లినాథుని వ్యాఖ్యానము తెరువనిచ్చెడివారు. ఆ మర్యాదను గణితమున నేను పాటింపనైతిని. దానివలన గలిగిన పరాభవమును నేడు మనవిచేసెదను.

ప్రష్యాదేశమున ప్రెగెల్ నదిపై కోనిగ్స్‌బర్గు అను పట్టణముండెను. నేడు దానిపేరు కాలినిన్‌గ్రాడ్, రష్యాలో నున్నది. నదిపాయలు ఆ యూరిని నాలుగు తునకలుగా చేసెను. ఆనాడు వానిని గలిపిన వంతెనలు 7. ప్రతి వంతెనను ఒక్కమారే దాటుచు అన్నిటిని దాటవచ్చునా యని ప్రశ్న. వీలుకాదని ఆయిలరు 1735లో సెయింట్ పీటర్స్‌బర్గు విద్వత్పరిషత్తునకు నిరూపించి చూపెను. ఆ యుక్తి రచ్చబండమీద చెప్పదగినదే. నడుమ వచ్చు లంకలో ప్రవేశించుట కొక వంతెన, వెడలుటకు మఱియొకటి కావలెను. కావున బయలుదేరిన చోటు, ఆగిన చోటు తప్ప తక్కినచోట్ల వంతెనలు సరిసంఖ్యలో నుండవలెను. కోనిగ్స్‌బర్గున నొకచోట 5, మూడుచోట్ల మూడేసి, నాలుగును బేసియే! చోట్లను చుక్కలుగను, వంతెనలను గీతలుగను జూచు గ్రాఫు శాస్త్రము ఇచటనే పుట్టెను.

ఈ లెక్కను వినోదమునకై గైడు చూచి నల్లబల్లపై ఎక్కించితిని. ఒక కుర్రవాడు లేచి, "అయ్యా, అన్నిచోట్లను సరిసంఖ్యయే యున్నచో తప్పక నడువవచ్చునా?" అనెను. "స్పష్టమే" అంటిని. గైడులో నున్న మాట యదియే. "ఎట్లు స్పష్టమండీ?" నాకు నోట మాట రాలేదు.

తరువాత తెలిసినదేమనగా, ఆయిలరును ఆ రెండవ సగమును చెప్పెనేగాని పూర్తిగా నిరూపింపలేదు. హియర్‌హోల్ట్‌సరు అను జర్మను పండితుడు దానిని నిరూపించి, వ్రాయకయే 1871లో గతించెను. ఆయన నోట విన్నవారు స్మృతినుండి వ్రాసి 1873లో ప్రకటించిరి.

ఈమారు ఒక వాక్యము చదివి పుస్తకము మూసి, తరువాతి యడుగును పలకపై నేనే వెదకితిని. దాటని వంతెనలనే పట్టి పోవుచుండగా, బయలుదేరిన చోటనే తప్ప వేఱెచట చిక్కుపడము. మిగిలినవి యున్నచో, నడచిన దారిలో వానిని తాకుచోటు నుండి మఱియొక చుట్టు తిరిగి, దానిని మొదటి చుట్టులో నతుకవలెను. మూడునాళ్లు పట్టినది.

మఱునాడు గర్వముతో చెప్పితిని. వాడు మరల లేచి, "ఊరు రెండు ముక్కలై, నడుమ వంతెనయే లేకున్నచోనండీ?" అనెను.

ఆ షరతు గైడులో లేదు.